పులసకు దారి

పురిటికి పుట్టింటికి వచ్చు ఆడపడుచువలె, విలస చేప వరదకాలమున సముద్రము విడిచి, హంసలదీవి చెంత కృష్ణలో ప్రవేశించి, మంచినీట గుడ్లు పెట్టుటకు ఎదురీదును. నది నెక్కిన పిమ్మట దానినే మనము పులస యందుము.

1832-33లో డొక్కల కరువు గుంటూరు సీమను మాడ్చినది. 1852లో ఆరంభించి 1855లో బెజవాడవద్ద ఆనకట్ట ముగించిరి. డెల్టా అన్నపూర్ణ యైనది. పులసకు మాత్రము దారి అడ్డగింపబడినది. ఇట్టి కట్టలవలన పులసకు కీడని మత్స్యశాస్త్రజ్ఞుడు ఫ్రాన్సిస్ డే 1873 నాటి నివేదికలో తెలిపెను. 1957లో పాత కట్టకు బదులు ప్రకాశం బ్యారేజి వెలసినది.

ఆనకట్టను మనము కాదనలేము. మన మెతుకు దానిదే. అయినను తగినంత నీటిని కడలివరకు పోనిచ్చుట, గుడ్లతో వచ్చు చేపపై వల వేయకుండుట మన చేతిలోనివే. ఆడపడుచు వచ్చువేళ వాకిలి మూయుట మన మర్యాద కాదు కదా!