అర్హత తేల్చవలసింది ఎవరు? విశ్వవిద్యాలయ నియామకాలపై న్యాయసమీక్ష

అధ్యాపక నియామకం కోర్టుకెక్కిన ప్రతిసారీ విశ్వవిద్యాలయాల తరఫు న్యాయవాదులు ముందుగా ఆశ్రయించేది 1963 నాటి గోవిందరావు కేసునే. మైసూరు విశ్వవిద్యాలయంలో ఇంగ్లిషు రిసెర్చ్ రీడర్ పోస్టుకు ఫస్ట్ క్లాస్ గానీ, హై సెకండ్ క్లాస్ గానీ ఉన్న ఎం.ఎ. కావాలన్నారు. ఎంపికైన వ్యక్తికి మైసూరు ఎం.ఎ.లో వచ్చినవి 50.2 శాతం మార్కులు. డర్హమ్ విశ్వవిద్యాలయం ఎం.ఎ. కూడా ఉంది. హైకోర్టు ఆ నియామకాన్ని రద్దు చేసింది. జస్టిస్ గజేంద్రగడ్కర్ రాసిన తీర్పులో సుప్రీంకోర్టు మాత్రం ఆ నియామకాన్ని నిలబెట్టింది. నిపుణులకు దురుద్దేశం అంటగట్టనప్పుడు విద్యా విషయాల్లో వారి అభిప్రాయాన్ని కోర్టులు తేలిగ్గా తోసిపుచ్చకూడదంది.

ఆ మాటను తర్వాత అవసరానికి మించి సాగదీశారని నా అభిప్రాయం. అర్హత వేరు, యోగ్యత వేరు. అర్హులైన అయిదుగురిలో ఎవరు మేలన్నది నిపుణులు చెప్పాలి. ఆ అయిదుగురిలో చేరడానికి నిబంధన ప్రకారం ఎవరికి హక్కుందన్నది చట్టానికి సంబంధించిన ప్రశ్న. అలహాబాద్ విశ్వవిద్యాలయంలో ఇంగ్లిషు రీడర్ల నియామకాలపై 1980లో వచ్చిన కులశ్రేష్ఠ తీర్పు ఈ తేడాను పట్టుకుంది. హై సెకండ్ క్లాస్ అంటే ఏమిటో ఎంపిక సంఘం ఇష్టానికి వదలకుండా, సెకండ్ క్లాస్ హద్దులైన 48కీ 60కీ నట్టనడుమనున్న 54 శాతాన్ని జస్టిస్ కృష్ణయ్యర్ గీతగా గీశారు.

మార్కుల సంగతి లెక్కతో తేలుతుంది. అసలు చిక్కు ‘సంబంధిత సబ్జెక్టు’ దగ్గర వస్తుంది. సిర్సాలోని చౌదరి దేవీలాల్ విశ్వవిద్యాలయంలో ప్రభుత్వ పాలనాశాస్త్రం రీడరుగా రాజనీతిశాస్త్రంలో ఎం.ఎ. చేసినవారిని తీసుకున్నారు. 2008లో సుప్రీంకోర్టు అందుకు సమ్మతించింది. ఆ రెండు శాస్త్రాలూ పరస్పరం ముడిపడినవన్న యూజీసీ నిపుణుల అభిప్రాయం కోర్టు ముందుంది; జస్టిస్ కట్జూ మీమాంసా సూత్రాలను కూడా ఆశ్రయించారు. గుల్బర్గా విశ్వవిద్యాలయం కేసులో ఫలితం తారుమారైంది. ఎంసీఏ లెక్చరర్ పోస్టుకు గణితంలో పీజీ చేసినవారిని ఎంపిక చేస్తే, ఎంసీఏలో గణితం ఒక పాఠ్యాంశమైనంత మాత్రాన అది సంబంధిత సబ్జెక్టు కాదని తేల్చి కోర్టు ఆ నియామకాన్ని నిలబెట్టలేదు.

ఈ రెంటికీ పొత్తు కుదరదనేవారున్నారు. నాకలా అనిపించదు. మొదటిదాంట్లో రెండు శాస్త్రాల సంబంధం ఏమిటన్న ప్రశ్నకు నిపుణులు సూటిగా జవాబిచ్చారు. కోర్టు మన్నించవలసింది అలాంటి జవాబునే. స్క్రీనింగ్ కమిటీ పట్టికలో ‘అర్హుడు’ అని ఒక్క మాట రాసి వదిలేస్తే మన్నించడానికి అక్కడ అభిప్రాయమే ఉండదు. కేసు పడ్డాక రిజిస్ట్రార్ వేసే అఫిడవిట్‌లో కారణాలు పుట్టుకొస్తే ఒప్పుకోకూడదు. ఉత్తర్వులో లేని కారణాలను తర్వాత చేర్చి దాన్ని నిలబెట్టలేరన్న మొహిందర్ సింగ్ గిల్ తీర్పు ఇక్కడికీ అక్షరాలా వర్తిస్తుంది.

అర్హత నిబంధనను పక్కనపెడితే నష్టపోయేది ఓడిన అభ్యర్థి ఒక్కరే కారు. విజయనగరం సాంఘిక సంక్షేమ గురుకుల పాఠశాల ఉపాధ్యాయ నియామకంపై 1990లో వచ్చిన తీర్పు మన ప్రాంతానిదే. అది విశ్వవిద్యాలయం కేసు కాకపోయినా, అందులోని సూత్రం అన్ని నియామకాలకూ చెల్లుతుంది. ప్రకటించిన అర్హత లేనివారిని తీసుకుంటే, తమకు అర్హత లేదని నమ్మి దరఖాస్తే చేయని వారందరికీ అన్యాయం జరిగినట్టే. వాళ్లు కోర్టుకు రారు. తమ అవకాశం పోయిందన్న సంగతే వారికి తెలియదు. అందుకే పదవిలో ఉండే హక్కును ప్రశ్నించే కో వారంటో పిటిషన్‌ను పోటీలో లేని పౌరుడు వేసినా విచారించే వెసులుబాటు విలువైనది. నియామకం చట్టబద్ధ నిబంధనకు విరుద్ధమని అతడు చూపగలిగితే చాలు.

ఆలస్యం మాత్రం ఈ సూత్రాలన్నిటినీ నీరుగారుస్తోంది. రాజస్థాన్ విశ్వవిద్యాలయంపై 1993లో రేఖా చతుర్వేది కేసులో, దరఖాస్తుల చివరి తేదీనాటికే అర్హత ఉండాలని సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఎంపికలో లోపం కనిపించినా, ఏళ్ల తరబడి పనిచేస్తున్నవారిని కదపలేదు. ఉద్యోగిపై ఆ దయను నేను తప్పుపట్టను. కానీ ఆ పరిస్థితి రాకుండా చూడవచ్చు. ఇంటర్వ్యూలకు ముందే అర్హుల జాబితాను కారణాలతో సహా ప్రకటించి, అభ్యంతరాలు స్వీకరించి, వాటిపై రాతపూర్వకంగా నిర్ణయం ఇవ్వాలి. అప్పటికీ వివాదం కోర్టుకు వస్తే, అర్హత ప్రశ్నను మిగతా ఆరోపణల నుంచి విడదీసి ప్రొబేషన్ ముగిసేలోగా తేల్చడం హైకోర్టుల చేతిలోని పనే.