పూనకం ఎవరిది?

పెద్ద హీరో సినిమా విడుదల రోజున హైదరాబాద్‌లో చిక్కడపల్లి దాటి ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌కు వెళ్తే తరచూ వినపడే మాట: పూనకాలు. 2023 సంక్రాంతికి వచ్చిన ‘వాల్తేరు వీరయ్య’లో ఒక పాట పేరే ‘పూనకాలు లోడింగ్’. దేవత లేని పూనకం ఇది, పైగా బహువచనం. ఈ మాటకు మూలం ‘పూను’ అనే క్రియ. ధరించడం, వహించడం దాని పాత అర్థాలు. బండికి ఎడ్లను పూన్చడం కూడా ఆ కుదురుదే. తమిళ, కన్నడాల్లో ‘పూణ్’ ఉంది. పని నెత్తికెత్తుకుంటే పూనుకోవడం, పట్టు విడవకపోతే పూనిక. అశోక్‌నగర్ కోచింగ్ సెంటర్లలో గ్రూప్స్ పరీక్షలకు చదివేవాళ్లది ఈ పూనికే. పూనికలో మనిషి పనిని పట్టుకుంటాడు. పూనకంలో అమ్మవారే మనిషిని పట్టుకుంటుంది. తెలంగాణలో దీన్నే శిగమూగడం అంటారు. అలా శిగమూగే శివసత్తులు లేని బోనాలు ఊహించలేం. సికింద్రాబాద్ ఉజ్జయిని మహంకాళి గుడిలో పచ్చికుండ మీద నిలబడి రంగం, అంటే భవిష్యవాణి, చెప్పే స్త్రీ మాటను జనం చెవులు రిక్కించి వింటారు. 18వ శతాబ్దపు ఇంగ్లండులో ఒక క్రైస్తవ శాఖకు ఆ గౌరవం దక్కలేదు. ప్రార్థనలో ఒళ్లు వణికి చిందులేస్తున్నారని ఎగతాళిగా ‘షేకర్లు’ అన్నారు. 1774లో వాళ్ల నాయకురాలు ఆన్ లీ కొద్దిమందితో అమెరికా చేరింది. అక్కడ బ్రహ్మచర్యం, ఉమ్మడి ఆస్తి, స్త్రీపురుషులిద్దరికీ పెత్తనం వాళ్ల పద్ధతులయ్యాయి. అదుపులేని ఊగులాట క్రమంగా వరసలు కట్టిన నృత్యమైంది. వెక్కిరింత పేరును వాళ్లే సొంతం చేసుకున్నారు. మన ‘శివాలెత్తడం’ మాత్రం ఎదురుదారి పట్టింది: ఒకప్పుడు భక్తి ఆవేశం, ఇప్పుడు ఇంట్లో పెద్దాయన కోపం. దానికి కూరలో ఉప్పు కాస్త ఎక్కువైనా చాలు.