అమెరికాలో బాల్యమునకు వయోనిర్ణయము

బాల్యమున కవధి యేది యను ప్రశ్నము ధర్మశాస్త్రములకే చెందినదని తోఁచును. కాని అమెరికా సంయుక్తరాష్ట్రములలో యంత్రపరిశ్రమలు వర్ధిల్లిన కాలమున నది నూలుమిల్లుల గుమ్మముకడఁ దీర్పవలసిన వ్యవహారమయ్యెను.

1790వ సంవత్సరమున రోడ్ ఐలండులోని పాటకెట్టునందు శామ్యూల్ స్లేటరు జలశక్తిచే నడుచు నూలుయంత్రములను నెలకొల్పినపుడు వానికడఁ దొలుతఁ బనిచేసినవారు 7 మొదలు 12 ఏండ్ల బాలబాలికలు. సేద్యమునఁ దలిదండ్రులకుఁ బిల్లలు తోడ్పడుట యాచారముగాఁ గల దేశము గావున జనులు దీనిని దప్పుగా నెన్నలేదు. మఱియు బిడ్డ యార్జించిన కూలి న్యాయముచేఁ దండ్రి సొత్తు.

1836లో మాసచూసెట్సు రాష్ట్రము, 15 ఏండ్లలోపు మిల్లుపిల్లలు ఏఁటికి మూఁడు నెలలైనఁ జదువవలయునని శాసించెను. 1842లో 12 ఏండ్లలోపువారికి దినమునకు 10 గంటలకు మించి పని కూడదనెను. ఇట్టి శాసనముల కెల్ల వయస్సే మూలము. ఆ వయస్సునకుఁ బ్రమాణమేది? జననములను లిఖించు పద్ధతి పెక్కు రాష్ట్రములలో సరిగా లేదు. తల్లిదండ్రులు ప్రమాణముచేసి చెప్పిన మాటయే తఱచుగా సాక్ష్యము. కూలిచే లాభము నొందువారును వారే. కాఁబట్టి పదేండ్ల బిడ్డ మిల్లు పుస్తకములోఁ బండ్రెండేండ్లవాఁడగుట సులభము.

1900వ సంవత్సరపు జనాభాలెక్కలలో 10 మొదలు 15 ఏండ్ల పనిపిల్లలు సుమారు 17,50,000 మంది. 1908 మొదలు లూయీ హైను, బాలశ్రమమును మాన్ప యత్నించిన జాతీయసంఘము పక్షమున మిల్లులలో ఛాయాచిత్రములు తీయుచు, తన యంగీ గుండీలతోఁ బిల్లల యెత్తును బోల్చి గుఱుతించుకొనుచుండెను. పత్రము లేనిచోట దేహమే సాక్ష్యమయ్యెను.

1912లో ఏర్పడిన బాలల కార్యస్థానము జూలియా లాత్రోపు నాయకత్వమున తొలుతఁ జేపట్టిన పనులలో జననలేఖన మొకటి. 1915లోఁ బది రాష్ట్రములతోను రాజధానీమండలముతోను నేర్పడిన జననలేఖనప్రాంతము 1933 నాటికి దేశమెల్ల వ్యాపించెను.

శాసనముల మార్గము మాత్రము సుగమము గాలేదు. 1916 నాఁటి కీటింగు-ఓవెను శాసనమును, ఉత్తర కరొలైనాలోని డాగెన్‌హార్టను తండ్రి తన కొమరుల కూలి పోవునని యెదిర్చెను. 1918లో అత్యున్నతన్యాయస్థానము దానిని గొట్టివేసెను. 1938 నాఁటి శాసనము సామాన్యముగా 16 ఏండ్ల నవధిగా నిర్ణయించెను. 1941లో న్యాయస్థానము దానిని సమర్థించెను. సేద్యపుఁ బిల్లలకు మాత్రము సడలింపు మిగిలెను.

దీనినిబట్టి చూడఁగా, బాల్యమును గాపాడుటకుఁ గరుణ యొక్కటియే చాలదనియు, బిడ్డ పుట్టినదినమును తలిదండ్రుల యవసరమున కందని పుస్తకమున వ్రాసియుంచుట యంతకంటె ముందు వలయుననియు స్పష్టము.