మారిషస్: మన ఉత్తరాంధ్ర కూలీలు వెళ్లిన ఆఫ్రికా దేశం

మడగాస్కర్‌కు తూర్పున, హిందూ మహాసముద్రంలో ఉన్న మారిషస్ కూడా ఆఫ్రికా దేశమే. విస్తీర్ణం సుమారు 2,040 చదరపు కిలోమీటర్లు. రాజధాని పోర్ట్ లూయిస్. శ్రీకాకుళం, విజయనగరం ఇంకా జిల్లాలు కాని రోజుల్లో, పాత గంజాం, విశాఖపట్నం జిల్లాల నుంచి మనవాళ్లు చెరకు తోటల్లో పనికి ఒప్పంద కూలీలుగా అక్కడికి వెళ్లారు. కోరంగి రేవు పేరు మీద తెలుగువాళ్లని అక్కడ 'కోరంగి'లు అనేవారు. ఇప్పుడు ఉగాదికీ, ఈదుల్ ఫితర్‌కీ రెండింటికీ ప్రభుత్వ సెలవు ఉంది.

1968 మార్చి 12న బ్రిటిష్ పాలన ముగిసింది. అంతకు ముందు అక్కడి ముస్లింల బెంగ ఒక్కటే: సంఖ్యలో తక్కువగా ఉన్నాం, చట్టసభలో చోటు దొరుకుతుందా? అబ్దుల్ రజాక్ మొహమ్మద్ పార్టీ శివసాగర్ రాంగులాంతో చేతులు కలిపింది, రాజ్యాంగంలోనే రక్షణ కావాలని పట్టుబట్టింది. అలా వచ్చిందే 'బెస్ట్ లూజర్' పద్ధతి. 62 మంది నేరుగా గెలుస్తారు. ఆ తర్వాత సభలో తక్కువ మంది ఉన్న వర్గాలకు, ఓడిన అభ్యర్థుల్లోంచి 8 సీట్ల దాకా ఇస్తారు. చిక్కేంటంటే, ఈ లెక్కకు ఆధారం ఇప్పటికీ 1972 జనాభా లెక్కలే! ముస్లింలు రాజ్యాంగంలో వేరే వర్గం, తెలుగువాళ్లను మాత్రం హిందువుల్లోనే కలిపేశారు.

1992లో గణతంత్రమైంది. ఆ ఏడాది నుంచి 2002 దాకా కాసిం ఉతీం, 2015లో తొలి మహిళగా అమీనా గరీబ్ ఫకీం అధ్యక్షులయ్యారు. అసలు అధికారం మాత్రం ప్రధానమంత్రిదే.

చాగోస్ దీవుల గొడవ వేరు. 1965లో బ్రిటన్ వాటిని మారిషస్ నుంచి విడదీసి తన దగ్గరే ఉంచుకుంది, అది చట్టవిరుద్ధమని 2019లో అంతర్జాతీయ న్యాయస్థానం అభిప్రాయం చెప్పింది.