ఇంటి వెనుక వీధి

సమాజశాస్త్రంలో కొత్తగా చేరిన విద్యార్థులు తరచుగా అనే మాట ఒకటుంది: "ఇందులో మనకు తెలియనిదేముంది?" కులం, పెళ్లి, చుట్టరికం, ఊరి పెద్దలు, ఓట్లు అన్నీ పుట్టినప్పటి నుంచి చూస్తున్నవే కదా అని. ఇది కొట్టిపారేయదగిన ప్రశ్న కాదు. తెలిసినదాన్ని మళ్లీ చూడడమంటే ఏమిటో, ఆ చూపు ఎంతవరకు పోతుందో ఎం.ఎన్. శ్రీనివాస్ కథలో కొంత తెలుస్తుంది.

శ్రీనివాస్ 1916లో మైసూరులో ఒక తమిళ అయ్యంగారు కుటుంబంలో పుట్టారు. చుట్టూ కన్నడం. ఇంటి వారి భాష ఒకటి, ఊరి భాష ఒకటి అన్న స్థితి హోసూరులోనో బళ్లారిలోనో బరంపురంలోనో పెరిగిన మన పిల్లలకు కొత్త కాదు. వారి ఇల్లు కాలేజీ రోడ్డులో ఉండేది. వెనుకనే బండికేరి అనే పేట, గొర్రెల కాపరులైన కురుబలది. అక్కడ కంటికి కనిపించేదీ ముక్కుకు సోకేదీ అంతా తమ వీధికి భిన్నంగా ఉండేదని, పరాయి సంస్కృతి తనకు మొదట ఎదురైంది అక్కడేనని పెద్దయ్యాక రాసుకున్నారు. ఇతర పరిశోధకులు ట్రోబ్రియాండ్ దీవులకు పోయి చూసినదాన్ని ఆయన పెరటి అవతలే చూశారన్నమాట.

బొంబాయిలో ఘుర్యే వద్ద, ఆక్స్‌ఫర్డులో రాడ్‌క్లిఫ్ బ్రౌన్, ఇవాన్స్ ప్రిచర్డ్‌ల వద్ద చదివి, 1948లో మైసూరు ప్రాంతంలోని ఒక గ్రామంలో ఆయన దాదాపు పదకొండు నెలలు నివసించారు. పుస్తకాల్లో దాని పేరు రాంపుర; అది మారుపేరు. శాస్త్రగ్రంథాలు చదివి కులాన్ని నాలుగు మెట్ల నిచ్చెనగా భావించేవారికి ఆ ఊరు వేరే సంగతి చెప్పింది. అక్కడ మాట చెల్లుబడి అయ్యేది బ్రాహ్మణులది కాదు, భూమీ సంఖ్యాబలమూ ఉన్న ఒక్కలిగలది. ఇటువంటి వర్గానికే ఆయన 'ఆధిపత్య కులం' అని పేరు పెట్టారు. పత్రికల్లో రోజూ చదివే 'ఓటు బ్యాంకు' అన్న మాట కూడా 1955 నాటి ఆయన వ్యాసంలో కనిపిస్తుంది. ఎన్నికల ఉపన్యాసాల్లో అరిగిపోయిన ఆ మాటకు మూలం ఒక పల్లెటూరి పరిశీలనలో ఉందంటే మన విద్యార్థులు ఆశ్చర్యపోతారు.

తెలుగునాట ఇదే పని ఎస్.సి. దూబే చేశారు. హైదరాబాదు సమీపంలోని శామీర్‌పేటపై ఆయన పుస్తకం 1955లోనే వెలువడింది. ఈనాడు ఆ ఊరు నగరపు అంచుకు చేరింది.

1970 ఏప్రిల్‌లో అమెరికాలోని స్టాన్‌ఫర్డులో దుండగులు పెట్టిన మంటల్లో శ్రీనివాస్ రాంపుర నోట్సు మూడు ప్రతులూ దెబ్బతిన్నాయి. జ్ఞాపకం మీద ఆధారపడి ఆయన రాసిన గ్రంథం 1976లో వచ్చింది. మా దృష్టిలో అందులో అన్నిటికన్నా విలువైనది ఆయన చేసిన ఒప్పుకోలు. ఊరి పెద్ద ఆశ్రయంలో ఉన్న తనను జనం బ్రాహ్మణునిగానే చూశారని, అలాగే నడుచుకోవాలని ఆశించారని, దళితుల వైపు నుంచో ముస్లిముల వైపు నుంచో చూస్తే ఊరు మరోలా కనిపించేదని ఆయన గ్రహించారు. అంతటి పరిశీలకుడికీ తాను నిలబడిన అరుగు కొంత అడ్డు వచ్చింది.

ఈ సంగతి మనకు దగ్గరిది. తమిళనాడులో స్థిరపడిన తెలుగు కుటుంబాల్లో నాయక రాజుల కాలంలో వచ్చామన్న వలస కథలు వినిపిస్తాయి. అవి ఎక్కువగా భూములున్న నాయుళ్ల, రెడ్ల ఇళ్లలోని కథలు. ఇంట్లో తెలుగు మాట్లాడే అరుంధతీయులు ఎందరో ఆ రాష్ట్రంలోనే ఉన్నారు. తోలు పని, పారిశుద్ధ్యపు పని తరతరాలుగా వారి నెత్తిన పడ్డాయి. షెడ్యూల్డు కులాల కోటాలో వారికి 2009లో ప్రత్యేకంగా మూడు శాతం కేటాయించవలసి వచ్చిందంటే, వెనుకబాటు ఎంతటిదో ఊహించవచ్చు. 'ప్రవాసాంధ్రుల చరిత్ర' అని మనం రాసుకున్న వాటిలో వారి వీధి ఎన్ని పుటల్లో ఉంది? మేము రాసినవాటిలోనూ తక్కువే.

తమ ఊరి తెలుగువారి చరిత్ర సేకరించదలచిన విద్యార్థులు ఇంట్లో అవ్వ చెప్పే కథను తప్పక రాసుకోవాలి. ఆ తరువాత అదే ఊళ్లో తెలుగు వినిపించే రెండో వీధికి వెళ్లి, అక్కడి అవ్వను కూడా అడగాలి.