అడిగి కోసిన కాయ



కిందటేడు ఒకనాడు న్యూజిలాండు దేశంలో, ఆక్లండులో ఉంటున్న మా అక్క కూతురు ఫోను చేసింది. "పిన్నీ, ఇవాళ ఒక చెట్టును చూసొచ్చాం" అంది. చెట్టును చూడ్డానికి పనిగట్టుకుని వెళ్ళడమేమిటే అని నేను నవ్వాను. "నవ్వకు పిన్నీ, పోను మూడు నాలుగు గంటలు, రాను మూడు నాలుగు గంటలు కారులో కూర్చుని వెళ్ళాం. ఆ ఒక్క చెట్టు కోసమే వెళ్ళాం. చూశాక ఇంకా కాసేపు ఉండిపోదామనిపించింది" అంది.

ఆ తర్వాత ఒక ప్రశ్న వేసింది. "మన మాడుగుల కొండల్లో ఇలాంటి చెట్లున్నాయా? వాటి కథలు చెప్పేవాళ్ళున్నారా?"

నేను పుట్టింది మాడుగులలో. పెళ్ళయ్యేదాకా పెరిగిందీ అక్కడే. పొద్దున్న లేచి పెరటి తలుపు తీస్తే ఎదురుగా కొండలే. అయినా దాని ప్రశ్నకు నా దగ్గర జవాబు లేదు. "హల్వా ఎలా చేస్తారో అడుగు, చెబుతాను" అని మాట తప్పించాను. గోధుమలు నానబోసి, రుబ్బి, పాలు తీసి, ఆ పాలు పులిశాక నెయ్యితో పంచదారతో ఉడికించే మా ఊరి హల్వా సంగతి నిద్రలో లేపి అడిగినా చెప్పగలను. కొండ సంగతే తెలియదు. ఆ సిగ్గుతోనే ఇవాళ మీ ముందుకొచ్చాను.

ముందు మా పిల్ల చూసిన చెట్టు సంగతి చెబుతాను. దాని పేరు తానే మహుతా. మావోరీల భాషలో అడవి దేవుడి పేరది. చెట్టు జాతి కౌరీ. ఎత్తు 45 మీటర్లు దాటి ఉంటుంది. మాను చుట్టుకొలత దాదాపు 14 మీటర్లు. మనలాంటి ఆడవాళ్ళం తొమ్మిదిమంది చేతులు చాచి పట్టుకుంటే గాని దాన్ని చుట్టిరాలేం. వయసు 1,250 ఏళ్ళకు తక్కువుండదని, 2,500 కూడా కావచ్చని అంచనా. వైపోవా అనే అడవిలో ఉంది. అడవిలో అడుగుపెట్టేముందు అందరూ చెప్పులూ బూట్లూ బ్రష్షుతో రుద్ది, మందు నీళ్ళలో తడిపి వెళ్ళాలి. కౌరీ చెట్లకు ఒక వేరు తెగులు వచ్చింది, అది కాళ్ళకంటిన మట్టితో ఒకచోటి నుంచి ఒకచోటికి పాకుతుంది. మనం గుడి ముందు కాళ్ళు కడుక్కుంటాం, వాళ్ళు చెట్టు ముందు కడుక్కుంటారన్నమాట.

దారి చూపించినాయన తే రోరోవా అనే మావోరీ తెగవాడు. చెట్టు దగ్గరకు రాగానే మాటలాపి, తమ భాషలో ప్రార్థన చదివి, ఆ తర్వాతే కథ మొదలుపెట్టాడట. ఆకాశం తండ్రి, భూమి తల్లి. ఆదిలో ఇద్దరూ ఒకరినొకరు విడవకుండా పెనవేసుకుని ఉండేవారు. మధ్యన చీకట్లో పిల్లలు ఊపిరాడక నలిగిపోయేవారు. అప్పుడు వాళ్ళ కొడుకు తానే వెల్లకిల పడుకుని, కాళ్ళతో తండ్రిని పైకి తన్ని ఎత్తాడు. లోకంలోకి వెలుగు వచ్చింది. చెట్టు నేలలో పాతుకుని ఆకాశాన్ని ఎత్తి పట్టుకున్నట్టు కనిపిస్తుందే, అది తానే పనేనని వాళ్ళంటారు.

ఇంకో కథ నాకు మరీ నచ్చింది. రాతా అనేవాడు పడవ చేసుకోవడానికి అడవిలో పెద్ద మానును నరికి ఇంటికి పోయాడు. తెల్లారి వచ్చి చూస్తే మాను ఎప్పటిలా నిలబడి ఉంది! మళ్ళీ నరికాడు. మళ్ళీ లేచింది. చాటున కూర్చుని చూస్తే పిట్టలూ పురుగులూ చేరి, ముక్కముక్కా అతికించి చెట్టును నిలబెడుతున్నాయి. "అడగకుండా ఎందుకు కొట్టావు?" అన్నాయట. అతను సిగ్గుపడి తప్పు ఒప్పుకున్నాక, ఆ పిట్టలే పడవ చెక్కి ఇచ్చాయి.

కథ ఇలా ఉంటే, జరిగిన చరిత్ర వేరు. ఆ దీవుల్లో 1840లో వైతంగి అనే చోట తెల్లదొరలకూ మావోరీ పెద్దలకూ ఒప్పందమైంది. ఓడల కొయ్యలకనీ, ఇళ్ళకనీ, వార్నిషుకు పనికొచ్చే జిగురుకనీ కౌరీ అడవులకు అప్పటికే గిరాకీ పట్టింది. దాదాపు 12 లక్షల హెక్టార్లుండిన అడవి నూరేళ్ళు తిరిగేసరికి తరిగి ముక్కలైపోయింది. 1876లో వైపోవా ప్రభుత్వం చేతికి వెళ్ళింది. నరకడం ఆపమని జనం పోరగా పోరగా 1952లో దాన్ని రక్షిత అడవిగా ప్రకటించారు. తే రోరోవా వారికని విడిచిపెట్టవలసిన స్థలాలు కూడా ఆనాటి అమ్మకంలో పోయాయని 1992లో వైతంగి ట్రిబ్యునల్ తేల్చింది. 2008లో చట్టం చేసి, ప్రభుత్వం వారికి క్షమాపణ చెప్పుకుంది. అంటే చెట్టుకు రక్షణ దొరికాక, చెట్టు మనుషులకు న్యాయం దొరకడానికి ఇంకో 56 ఏళ్ళు పట్టింది. ఈ మాట గుర్తుంచుకోండి, మళ్ళీ దీని దగ్గరకే వస్తాను.

సరే, మా పిల్ల ప్రశ్న నన్ను కూర్చోనివ్వలేదు. మాఘమాసంలో పుట్టింటికి వెళ్ళినప్పుడు మా వదినా, నేనూ, మరో ఇద్దరమూ కలిసి పాడేరు బయలుదేరాం. పులిహోర కట్టుకున్నాం, హల్వా పొట్లం సరేసరి. మాడుగుల ఇప్పుడు అనకాపల్లి జిల్లాలో ఉంది, పాడేరు అల్లూరి సీతారామరాజు జిల్లాకు ముఖ్యపట్టణం. రెండు జిల్లాలూ 2022 ఏప్రిల్ 4న ఏర్పడ్డాయి. కాగితం మీద గీత ఎక్కడ గీసినా, అమ్మవారు మాత్రం ఒకరే. మాడుగులలోనూ మోదకొండమ్మే, పాడేరులోనూ మోదకొండమ్మే. ఘాటు రోడ్డు మీద అమ్మవారి పాదాల దగ్గర బళ్ళవాళ్ళు ఆగి దణ్ణం పెట్టుకుని గాని ముందుకు పోరు.

మలుపు మలుపుకూ చల్లదనం పెరిగింది. దాదాపు 3,000 అడుగుల ఎత్తు మరి! పైకి చేరేసరికి నిటారుగా, వరసకట్టి, ఆకాశానికి నిచ్చెనలు వేసినట్టు చెట్లు. "అదిగో మన మహావృక్షాలు!" అని నేను చేతులు జోడించబోయాను. మాకు తోడుగా వచ్చిన టీచరమ్మ, భగతల అమ్మాయి, నవ్వింది. "అవి సిల్వర్ ఓకులండీ. కాఫీ తోటలకు నీడ కోసం వేసినవి. వాటి పుట్టిల్లు ఆస్ట్రేలియా" అంది. నాకు నోట మాట రాలేదు. మా పిల్ల ఉంటున్న దేశానికి పక్కదేశపు చెట్టు మా కొండెక్కి కూర్చుంటే, మా చెట్టనుకుని మొక్కబోయానన్నమాట! ఆ నీడన పండిన కాఫీకే 2019లో అరకు కాఫీ అని భౌగోళిక గుర్తింపు వచ్చింది. మిరియం తీగలు కూడా ఆ మానులకే అల్లుకుని ఉంటాయి.

"మరి మీ చెట్లేవమ్మా?" అని అడిగితే ఒక ఊరికి తీసుకెళ్ళింది. ఊరి చుట్టూ మామిళ్ళు, పనసలు, చింతలు. మధ్యమధ్య తోక వేలాడేసినట్టు గెలలతో జీలుగు చెట్లు. పైన అడవి అంచున మద్దులు. మానుల మీదకు పాకి, కొమ్మకొమ్మనూ కప్పేసిన అడ్డతీగ. మన పెళ్ళిళ్ళలో అడ్డాకు విస్తళ్ళు వేసేవారే, ఆ ఆకు దీనిదే. చీపురు పుల్లతో ఆకు ఆకూ కుట్టేది కొండ ఆడవాళ్ళ చేతులే. ఎన్ని విస్తళ్ళలో తిని లేచామో, ఆ చేతుల సంగతి ఒక్కనాడూ అనుకున్నామా?

ఊరి మొదట్లో ఒక ముసలి మామిడి. తానే మహుతాతో పోల్చదగింది కాదు. అయినా మేం నలుగురం చేతులు కలిపితే చుట్టు పూర్తికాలేదు. పూత విరగబూసింది. దాని కింద అడ్డాకులు ఆరబెడుతున్న ఒక ముసలమ్మను పలకరించాం. పిందెలు రాగానే ఎంచక్కా ఊరగాయకు కోసుకుంటారేమోనని మా వదిన అంది. ఆవిడ గట్టిగా తల అడ్డంగా ఊపింది. "పండగ అవకుండా ముట్టుకోమమ్మా. ముందు దేవతకి పెట్టాల, అడగాల. అడక్కుండా కోత్తే కొండకి కోపమొస్తాది" అంది.

రాతా కథ నాకు ఒక్కసారి కళ్ళముందు మెదిలింది. ఎక్కడి మావోరీలు, ఎక్కడి మా పాడేరు కొండలు! ఇక్కడివారు దీన్ని కొత్త పండుగ అంటారు. కొర్ర కొత్త, సామ కొత్త, చిక్కుడు కొత్త, మామిడి కొత్త. ఏ పంటా, ఏ కాయా దేవతకు పెట్టకుండా నోట పెట్టరు. కాయ ముదిరేదాకా చెట్టు జోలికి పోకుండా ఉండడానికి ఇంతకన్న మంచి కట్టుబాటు ఉంటుందా? చైత్రంలో ఇటుకల పండుగ. మగవాళ్ళు విల్లంబులతో వేటకు పోతే, ఆడవాళ్ళు దారికి కర్ర అడ్డంపెట్టి వచ్చేపోయేవారిని డబ్బులడుగుతారు. రాత్రి చేయీ చేయీ పట్టుకుని థింసా ఆడతారు.

ఇప్పుడు చరిత్రలోకి వద్దాం. ఈ కొండల్ని 1839లోనే తెల్లదొరలు మైదానం చట్టాల నుంచి విడదీసి, ఏజెంటు చేతికిచ్చారు. ఏజెన్సీ అనే మాట అలా వచ్చిందే. 1882లో మద్రాసు అటవీ చట్టం వచ్చింది. రిజర్వు అడవి అని గీత గీసిన తర్వాత, తాతల నాటి పోడు నేరమైంది, కట్టె తెచ్చుకోవడం నేరమైంది, మేకను తోలడం నేరమైంది. రైలు పట్టాల కింద వేసే దుంగలకు మాత్రం అడవి తలుపులు తెరిచే ఉన్నాయి. అడిగి కోసుకునేవాళ్ళు దొంగలయ్యారు, అడగకుండా నరికేవాళ్ళు హక్కుదారులయ్యారు.

దానికి తోడు నర్సీపట్నం నుంచి కొండమీదికి రోడ్డు వేయించేటప్పుడు చాలీచాలని కూలితో వెట్టి చేయించారు. ఆ మంటలోంచే 1922 లేచింది. ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి. మూడు రోజుల్లో మూడు పోలీసు ఠాణాలు, 26 తుపాకులు! అల్లూరి సీతారామరాజు పేరు మనందరికీ తెలుసు. ఆయన వెంట నడిచిన గాం గంటందొర, గాం మల్లుదొర పేర్లు మన పిల్లల్లో ఎంతమందికి తెలుసు? మల్లుదొర అండమాను శిక్ష అనుభవించి వచ్చి, 1952లో విశాఖపట్నం నుంచి లోక్‌సభకు ఎన్నికయ్యాడు. రాజును 1924 మే 7న కొయ్యూరులో చెట్టుకు కట్టి కాల్చారు. చెట్టు కోసం లేచిన పోరాటానికి చివరికి చెట్టే సాక్షిగా నిలిచింది.

స్వతంత్రం వచ్చాక 1956లో గిరిజన సహకార సంస్థ పుట్టింది. చింతపండు, తేనె, తపసి జిగురు, చిల్లగింజలు, కుంకుళ్ళు, సీకాయ షావుకార్ల పాలు కాకుండా తానే కొనాలని దాని ఉద్దేశం. 1970లో 1/70 నిబంధన వచ్చి, ఏజెన్సీలో భూమి గిరిజనేతరుల చేతికి పోరాదంది. 2006లో అటవీ హక్కుల చట్టం వచ్చింది. అందులో మనం తెలుసుకోవలసిన మాట ఒకటుంది. పెళ్ళయినవారికిచ్చే హక్కుపత్రం భార్యాభర్తలిద్దరి పేరా ఉండాలి. మన పట్నాల్లో ఎన్ని ఇళ్ళ దస్తావేజుల్లో ఇల్లాలి పేరుందో లెక్కపెట్టుకుంటే, కొండమీది చట్టం మనకన్న ముందుందని ఒప్పుకోక తప్పదు.

ఇక నా మాట ఒకటి చెప్పి ముగిస్తాను. నేను ఎనిమిదేళ్ళ పిల్లగా ఉన్నప్పుడు మా మామ్మ కొండవాళ్ళ దగ్గర చింతపండు, కందులు కొని ఉప్పూ, ఎండుచేపలూ ఇచ్చేది. కావిళ్ళు దించుకుని వాళ్ళు మా అరుగు కింద నిలబడేవారు, పైకి రమ్మనేవాళ్ళం కాదు. మా ఇంట్లో రెండు కుంచాలుండేవి. కొనే కుంచం వేరు, ఇచ్చే కుంచం వేరు. ఒకనాడు నేను రెండూ పక్కపక్కన పెట్టి చూసి, "మామ్మా, ఇది పెద్దది!" అని అరిచాను. నా నోరు మూసి లోపలికి లాక్కుపోయింది. మామ్మ చెడ్డది కాదు. పండక్కి పదిమందికి పెట్టిన చెయ్యి. అయినా ఆ రెండు కుంచాలు అబద్ధం కాదు.

ఆ మామిడి కింద ఎందుకో ఈ సంగతి ఆ ముసలమ్మకు చెప్పేశాను. కోపగిస్తుందనుకున్నాను. ఆవిడ పళ్ళు లేని నోటితో నవ్వింది. "మాకు తెల్దనుకున్నారా అమ్మా? మా అయ్య కిందికి దిగినప్పుడల్లా రెండు పిడికిళ్ళు ఎక్కువేసుకునే దిగీవోడు, కింది కుంచానికని" అంది.

నేను తల ఎత్తలేకపోయాను. మోసపోతున్నామని తెలిసి, ఆ మోసానికి కూడా వాటా కట్టుకుని వచ్చిన మనుషుల్ని మనం అమాయకులన్నాం. ఇచ్చేదిచ్చి ఊరుకున్నారంటే తెలియక కాదు, ఉప్పు లేక.

మా అక్క కూతురికి ఆ రాత్రి ఫోను చేశాను. "ఉందే, మనకీ చెట్టుంది. కథ చెప్పే ఆవిడా ఉంది. మనమే అడగలేదు" అన్నాను.

మీలో ఎవరైనా ఈసారి పాడేరో, అరకో వెళితే ఫోటోలు తీసుకోండి, కాదనను. తోటలో కాయ కోసేముందు మాత్రం అక్కడివారిని అడగండి. దారి పక్కన పసుపో, పనసతొనలో అమ్మే ఆడమనిషి దగ్గర పది రూపాయల కోసం బేరమాడకండి. ఒక చెట్టు చూపించి, "దీని పేరేమిటమ్మా?" అని అడగండి. ఆవిడ చెబుతుంది. వినడానికి కాసేపు నిలబడండి.

తానే మహుతా అడవివారికి క్షమాపణ దొరకడానికి 2008 దాకా పట్టిందని చెప్పానే, మన కొండలకు అది ఎవరు చెబుతారో, ఎప్పుడు చెబుతారో అనుకుంటూ తిరుగు బస్సెక్కాను. మా ఇంటి తరఫున నా వంతు మాత్రం ఆ మామిడి కింద చెప్పుకునే వచ్చాను. హల్వా పొట్లం ఆవిడ చేతిలో పెడితే, "ముందు దేవతకి" అని పక్కన పెట్టుకుంది.

సెలవు.