నివురు గప్పిన నిప్పు: పొగను తిరిగి పీల్చే కవాటము కథ

నిజామాబాదు జిల్లాలోని ఆర్మూరు పేరు వినగానే పసుపు జ్ఞాపకమునకు వస్తుంది. ఆ ఊరి పేరుతో ఒక పసుపు రకమే ఉన్నది. ఏటా సంక్రాంతి దాటిన తరువాత చుట్టుప్రక్కల పల్లెలలో పసుపు త్రవ్వుతారు. కొమ్ములను ఉడికించి, ఎండబెట్టి, మెరుగుపెట్టి, సంచులకెత్తి నిజామాబాదు మార్కెట్టుకు తోలుతారు. హైదరాబాదునుండి నాగపూరు పోయే రహదారి, నిజామాబాదునుండి జగ్దల్పూరు పోయే రహదారి ఆర్మూరు వద్దనే కలుసుకుంటాయి. లారీలు, ట్రాక్టర్లు, జీపులు, కార్లు ఆ కూడలిలో రేయింబవళ్లు తిరుగుతూనే ఉంటాయి. వాటిలో అధికభాగము డీజిలు బండ్లు.

అట్టి ఊరిలో పది పన్నెండేండ్ల వయస్సుగల డీజిలు కారు ఒకటి మరమ్మతుకు వచ్చినదనుకొందాము. బండి లాగడము లేదు. ఆక్సిలరేటరు త్రొక్కితే నల్లపొగ వస్తున్నది. నిలిపి ఉంచినప్పుడు ఇంజను వణుకుతున్నది. మెకానిక్కు బానెట్టు ఎత్తి, పిడికెడంత పరికరము నొకదానిని విప్పి చూపిస్తాడు. దాని నిండ తారువంటి మసి గడ్డకట్టి ఉన్నది. దానిని అతడు ఈజీఆర్ వాల్వు అంటాడు. ఇంజను విడిచిన పొగలో కొంతభాగమును మరల ఇంజనులోనికే పంపే కవాటము అది.

ఇప్పుడు యజమాని ముందు రెండు మార్గములు ఉన్నవి. కవాటమును విప్పి కడిగి తిరిగి బిగించుట మొదటిది. దానికి ఒక పూట పట్టుతుంది. పొగ వచ్చే దారికి అడ్డముగా ఒక రేకుముక్కను బిగించి మూసివేయుట రెండవది. దానికి ఎక్కువసేపు పట్టదు. మూసివేస్తే బండి చక్కగా లాగుతుంది, నల్లపొగ కూడ తగ్గుతుంది. అట్లయితే ఇంజనును తయారుచేసినవారు ఈ కవాటమును అసలెందుకు పెట్టినట్లు? తాను విడిచిన ఊపిరినే తాను పీల్చవలసిన కర్మము ఇంజనుకు ఎందుకు పట్టినది? ఈ ప్రశ్నకు సమాధానము ఇంజనులో దొరకదు. దానికొరకు ఎనుబది సంవత్సరములు వెనుకకు, అమెరికాలోని లాస్ ఏంజిలిస్ నగరమునకు పోవలసి ఉన్నది.

కన్నులు మండించిన గాలి

1943 జూలై 26వ తేదీన లాస్ ఏంజిలిస్ నగరమును దట్టమైన పొగ క్రమ్మినది. ప్రజల కన్నులు మండినవి, గొంతులు పట్టుకొనిపోయినవి. అది రెండవ ప్రపంచయుద్ధ కాలము కనుక, శత్రువులు విషవాయువు ప్రయోగించినారేమో అని కొందరు భయపడినారు. కృత్రిమ రబ్బరుకు కావలసిన పదార్థమును తయారుచేసే కర్మాగారముపై అనుమానము కలిగి దానిని మూయించినారు. అయినను పొగ తిరిగి వస్తూనే ఉన్నది. ఆ పొగకు ఒక వింత గుణము ఉన్నది. లండను నగరపు బొగ్గుపొగవలె అది చలికాలపు చీకటిలో పుట్టలేదు. ఎండ బాగుగా కాసిన రోజులలోనే ముదిరేది.

ఈ చిక్కుముడిని విప్పినవాడు ఏరీ హాగెన్‌స్మిట్ అనే రసాయన శాస్త్రజ్ఞుడు. 1900లో హాలండులో పుట్టి, కాలిఫోర్నియా సాంకేతిక విద్యాసంస్థలో ఆచార్యుడుగా ఉండిన ఈయన అనాసపండు వాసనకు కారణమైన పదార్థములను పరిశోధించేవాడు. అదే పద్ధతిలో నగరపు గాలిని అతిశీతల నాళముల ద్వారా పోనిచ్చి, దానిలోని పదార్థములను ద్రవముగా పట్టి పరీక్షించినాడు. 1950 తరువాతి కొద్ది సంవత్సరములలో ఆయన తేల్చిన విషయము ఇది: మోటారుబండ్లనుండి, చమురు శుద్ధి కర్మాగారములనుండి వచ్చే హైడ్రోకార్బనులు, నత్రజని ఆక్సైడులు సూర్యకాంతిలో కలిసి ఓజోను వాయువును పుట్టిస్తున్నవి. ఆ ఓజోనే పాలకూర మొదలైన పైరుల ఆకులను మచ్చలుపడజేస్తున్నది, రబ్బరును పగులగొట్టుతున్నది. వంచి కట్టిన రబ్బరుముక్క ఎంతసేపటికి పగులుతుందో చూచి గాలిలోని ఓజోనును అంచనా వేసే సులభమైన పద్ధతిని కూడ ఆయన వాడినాడు.

ఈ పరిశోధనవలన ఒక క్రొత్త సత్యము తెలిసినది. పొగగొట్టమునుండి వచ్చే మసి కంటికి కనబడుతుంది. కాని కంటికి కనబడని వాయువు కూడ ఎండ తగిలిన తరువాత, పుట్టినచోటికి ఎంతో దూరములో, హాని చేయగలదు.

నత్రజని ఎట్లు మండుతుంది?

గాలిలో 78 పాళ్లు నత్రజని, 21 పాళ్లు ఆమ్లజని ఉన్నవి. నత్రజని అణువులోని రెండు పరమాణువులు మూడు బంధములతో పెనవేసుకొని ఉంటాయి కనుక అది సామాన్యముగా దేనితోను కలియదు. వంటపొయ్యి మంటలో కూడ అది దాదాపు ఉదాసీనముగానే ఉంటుంది. కాని ఇంజను సిలిండరులోని జ్వాల ఉష్ణోగ్రత 2,000 సెంటిగ్రేడు డిగ్రీలను కూడ దాటుతుంది. ఆ వేడిలో ఆమ్లజని అణువులు కొన్ని విడిపోతాయి. ఒంటరి ఆమ్లజని పరమాణువు నత్రజని అణువును చీల్చి నైట్రిక్ ఆక్సైడును ఏర్పరుస్తుంది. మిగిలిన నత్రజని పరమాణువు మరియొక ఆమ్లజని అణువును చీల్చుతుంది. గొలుసువలె సాగే ఈ చర్యను 1946లో వివరించినవాడు సోవియట్ శాస్త్రజ్ఞుడు యాకొవ్ జెల్డొవిచ్.

ఈ చర్యలో ముఖ్యముగా గమనింపదగినది ఒకటి ఉన్నది. ఉష్ణోగ్రత పెరిగినకొద్దీ ఇది సమానముగా పెరుగదు, విజృంభిస్తుంది. అనగా జ్వాలయొక్క పరాకాష్ఠ ఉష్ణోగ్రతను కొద్దిగా తగ్గించినను నత్రజని ఆక్సైడులు చాలవరకు తగ్గిపోతాయి.

నిప్పుమీద నివురు

జ్వాలను చల్లార్చకుండ దాని ఉగ్రతను మాత్రము తగ్గించుట ఎట్లు? పల్లెలలో గృహిణులకు ఈ ఉపాయము తెలియనిది కాదు. రాత్రి పొయ్యిలోని నిప్పులమీద బూడిద కప్పుతారు. బూడిద ఒకసారి కాలిపోయిన పదార్థము, మరల కాలదు. నిప్పును ఆర్పకుండ దాని తీవ్రతను అణచి ఉంచుతుంది. ఇంజను విడిచిన పొగ కూడ అట్టిదే. దానిలో ఆమ్లజని తక్కువ. బొగ్గుపులుసు వాయువు, నీటియావిరి ఎక్కువ. దానిని క్రొత్త గాలితో కలిపి సిలిండరులోనికి పంపితే రెండు పనులు జరుగుతాయి. మొదటిది, ఆమ్లజని పలుచబడి జ్వాల వేడి తగ్గుతుంది. రెండవది, ఆ వాయువులు తమ అధికమైన విశిష్టోష్ణమువలన కొంత వేడిని తామే త్రాగివేస్తాయి. డీజిలు ఇంజనులో ఈ రెండింటిలో మొదటిదే ముఖ్యము.

కాలిఫోర్నియా రాష్ట్రము 1966 నమూనా కార్లకు హైడ్రోకార్బనులు, కార్బన్ మోనాక్సైడులపై పరిమితులు విధించినది. ఇంధనమును పలుచన చేసి ఆ రెండింటిని తగ్గించబోతే నత్రజని ఆక్సైడులు పెరిగినవి. ఒక తప్పును దిద్దబోతే రెండవ తప్పు తల ఎత్తినది. 1970లో అమెరికాలో పరిశుద్ధ వాయు చట్టమును కట్టుదిట్టము చేసినారు. నత్రజని ఆక్సైడులకు కాలిఫోర్నియాలో 1971 నమూనాలనుండి, దేశమంతట 1973 నమూనాలనుండి హద్దు ఏర్పడినది. ఆ 1973 నమూనాలతోనే ఈ కవాటము అమెరికా కార్లలో విస్తారముగా ప్రవేశించినది. తొలినాటి కవాటము ఇంజను లాగే శూన్యపీడనముతో పనిచేసే ఒక రబ్బరుపొర, దానికి తగిలించిన ఒక సూది, అంతే. బండి కుదుపులు ఇస్తున్నదని విసిగి, శూన్యపు గొట్టములో చిన్న ఇనుపగుండును దూర్చి దానిని పనిచేయకుండ చేసిన యజమానులు ఆనాడే ఉన్నారు. మూసివేసే మార్గము కవాటమంత పాతది!

డీజిలుకు తప్పని కాపు

1976లో వోల్వో కంపెనీ మూడు కాలుష్యములను ఒకేసారి తగ్గించే ఉత్ప్రేరకమును, ఆమ్లజనిని కొలిచే సాధనముతో జోడించి, 1977 నమూనాగా కాలిఫోర్నియాలో అమ్మకమునకు తెచ్చినది. దానితో పెట్రోలు కార్లకు ఈ కవాటముపై ఆధారపడే అవసరము తగ్గినది. డీజిలు ఇంజనుకు అట్టి అదృష్టము లేదు. డీజిలు ఎల్లప్పుడు అవసరమునకు మించిన గాలిలో మండుతుంది. పొగలో ఆమ్లజని మిగిలి ఉన్నప్పుడు ఆ ఉత్ప్రేరకము నత్రజని ఆక్సైడులను విడగొట్టజాలదు. కనుక డీజిలు కార్లు ఈ కవాటమునే ఆశ్రయించినవి. పెట్రోలు ఇంజనులో తిరిగి పంపే పొగ సాధారణముగా 5 నుండి 15 పాళ్లు కాగా, తక్కువ బరువుతో నడిచే డీజిలు ఇంజనులో అది 50 పాళ్ల వరకు కూడ ఉండవచ్చును.

భారతదేశములో 2000 ఏప్రిలునుండి ఐరోపా తరహా పరిమితులు అమలులోనికి వచ్చినవి. మాషేల్కర్ సంఘము 2002లో ఇచ్చిన సిఫారసులు తరువాతి మెట్లకు మార్గము చూపినవి. భారత్ స్టేజి 4 పరిమితులు 2010లో హైదరాబాదు మొదలైన మహానగరములకు, 2017 ఏప్రిల్ 1నుండి దేశమంతటికి వర్తించినవి. 2020 ఏప్రిల్ 1నుండి ఐదవ మెట్టును దాటి ఆరవ మెట్టు అమలైనది. డీజిలు కారు కిలోమీటరుకు విడువదగిన నత్రజని ఆక్సైడుల హద్దు మూడవ మెట్టులో అరగ్రాము, నాలుగవ మెట్టులో పావుగ్రాము, ఆరవ మెట్టులో 0.08 గ్రాము. ఆర్మూరు రోడ్లపై తిరిగే పాత డీజిలు కార్లలో ఎక్కువభాగము మూడవ, నాలుగవ మెట్లకు చెందినవి. వాటిలో పెక్కింటికి ఈ కవాటమే ప్రధానమైన కాపు.

అయితే కాపు కాసినందుకు కవాటము మూల్యము చెల్లించుకొంటుంది. ఆమ్లజని తగ్గి జ్వాల చల్లబడితే నత్రజని ఆక్సైడులు తగ్గుతాయి. కాని ఇంధనము పూర్తిగా కాలక మసి పెరుగుతుంది. ఆ మసి, క్రాంకుకేసునుండి వచ్చే నూనెతుంపరతో కలిసి జిగటగా కవాటమునకు పట్టుకొంటుంది. ఇంజను బాగుగా వేడెక్కకముందే ఆగిపోయే చిన్న ప్రయాణములు, ఊరిలోని నెమ్మది నడక దీనిని మరింత పెంచుతాయి.

రోగ నిర్ణయము

వైద్యుడు రోగిని పరీక్షించినట్లే మెకానిక్కు మొదట లక్షణములు చూడవలెను. కవాటము తెరుచుకొని బిగిసిపోతే ఇంజనుకు తాజా గాలి చాలదు: నల్లపొగ, నీరసము, నిలిపినప్పుడు వణుకు కనబడతాయి. మూసుకొని బిగిసిపోతే పెట్రోలు ఇంజను టకటక కొట్టుకొనవచ్చును. డీజిలు ఇంజను మాత్రము పైకి హాయిగా నడుస్తుంది, డాష్‌బోర్డుపై ఇంజను దీపము వెలుగవచ్చును. గాలి ఫిల్టరు పూడినను, టర్బో గొట్టము చిరిగినను, ఇంజెక్టరు పాడైనను మొదటి లక్షణములే కలుగుతాయి కనుక ముందుగా వాటిని చూడవలెను.

శూన్యపీడనముతో పనిచేసే కవాటమును చేతిపంపుతో పరీక్షింపవచ్చును. ఇంజను నెమ్మదిగా నడుస్తుండగా కవాటమునకు శూన్యము కల్పిస్తే ఇంజను తడబడవలెను. తడబడకపోతే దారి పూడినదని అర్థము. శూన్యము నిలువకపోతే రబ్బరుపొర చిరిగినది. శూన్యమును వదలిన తరువాత కూడ తడబాటు పోకపోతే కవాటము సరిగా మూసుకొనుట లేదు. విద్యుత్తుతో పనిచేసే కవాటమైతే స్కానరు చెప్పుతుంది: పి 0401 అనే సంకేతము పొగ తక్కువగా పోతున్నదని, పి 0402 ఎక్కువగా పోతున్నదని సూచిస్తుంది. సంకేతము అనుమానమును చూపుతుందే కాని తీర్పు చెప్పదు.

శుభ్రపరచుట

ఇంజను పూర్తిగా చల్లారిన తరువాత బ్యాటరీ నెగెటివు తీగను తీసి, కవాటమును విప్పవలెను. గట్టి మసిని ప్లాస్టిక్కు పలుకతో గీకి, కార్బురేటరు క్లీనరు చల్లి, బ్రష్షుతో రుద్దవలెను. విద్యుత్తు భాగమును, రబ్బరుపొరను ఆ ద్రవములో ముంచరాదు. రాలిన మసి ఇంజనులోనికి పోకుండ రంధ్రమునకు గుడ్డ అడ్డము పెట్టవలెను. ఈ ద్రవము త్వరగా అంటుకొంటుంది కనుక ఆరుబయట, బీడీ నిప్పుకు దూరముగా, కళ్ళద్దములు, చేతితొడుగులు ధరించి పనిచేయవలెను. సూది తన పీటపై సరిగా కూర్చుంటున్నదా అని చూచి, క్రొత్త గ్యాస్కెట్టు వేసి బిగించి, సంకేతమును చెరిపి, బండిని కొంతదూరము నడిపి చూడవలెను. పొగను చల్లబరచే కూలరు కూడ ఉంటే రేడియేటరు నీరు కారణము లేకుండ తగ్గుతున్నదేమో గమనింపవలెను. కడిగినను కదలని కవాటమును మార్చవలసినదే.

కనబడే పొగ, కనబడని పొగ

ఇప్పుడు రేకుముక్క సంగతికి రావచ్చును. రోడ్డుమీది పొల్యూషను తనిఖీ డీజిలు బండిలో కొలిచేది పొగయొక్క చిక్కదనమును, అనగా వెలుతురును పొగ ఎంత అడ్డగిస్తున్నదో దానిని మాత్రమే. నైట్రిక్ ఆక్సైడు రంగులేని వాయువు; వెలుతురును అడ్డగింపదు. కవాటమును మూసివేస్తే మసి తగ్గుతుంది కనుక ఆ బండి తనిఖీలో మరింత సులభముగా నెగ్గుతుంది; నత్రజని ఆక్సైడులు మాత్రము పెరిగిపోతాయి. కొలిచే సాధనము మెచ్చుకొన్నంత మాత్రమున గాలి శుభ్రమైనట్లు కాదు.

పరీక్షను నెగ్గి గాలిని ఓడించే ఈ ఆశ చిన్న షాపులకే పరిమితము కాదు. 2015 సెప్టెంబరులో బయటపడిన ఫోక్స్‌వాగన్ వ్యవహారములో, పరీక్ష జరుగుతున్నదని గుర్తించి అప్పుడు మాత్రమే నత్రజని ఆక్సైడులను అదుపులో ఉంచే కంప్యూటరు ఏర్పాటును ప్రపంచమంతట సుమారు కోటి పది లక్షల కార్లలో అమర్చినట్లు తేలినది. అక్కడ కంప్యూటరు చేసిన పనినే ఇక్కడ రేకుముక్క చేస్తుంది. 1988 నాటి మోటారు వాహనముల చట్టపు 52వ సెక్షను తయారీదారు నిర్దేశించినదానికి విరుద్ధమైన మార్పులను అనుమతించదు. కాని చట్టముకన్న ముందు ఆలోచింపవలసినది ఊపిరితిత్తులను గురించి. నైట్రిక్ ఆక్సైడు గాలిలో నైట్రోజన్ డయాక్సైడుగా మారి శ్వాసనాళములను మండిస్తుంది, ఉబ్బసమును పెంచుతుంది. ఎండలో ఓజోనుకు కారణమై పైరులకు చేటు తెస్తుంది. రోడ్డుప్రక్క బడికి నడచిపోయే పిల్లవాడికి, చేనులో పనిచేసే రైతుకు ఆ రేకుముక్క సంగతి తెలియదు.

కవాటమునకు పట్టిన మసి దాని లోపమునకు గుర్తు కాదు. అది చేసిన పనికి గుర్తు. పొయ్యిలో బూడిద నిండినదని పొయ్యిని ఎవరును పగులగొట్టరు. ఉదయము లేచి ఎత్తిపోస్తారు. పాత కారుకు కూడ అంతటి ఓపికయే కావలెను.